నాంచారయ్య గారి మాట అర్థంకాని ఫోను

2023 ఆగస్టు. విజయవాడ సూర్యారావుపేటలో ఒక ఈఎన్‌టీ డాక్టరు గారి క్లినిక్ మేడమీద నాకో గది ఉంది. అందులో ఒక నిలువుటద్దం, రెండు కుర్చీలు, ఒక రికార్డరు, పిల్లలకు చూపించే బొమ్మల కార్డులు. స్పీచ్ థెరపిస్టుగా అప్పటికి పదహారేళ్లుగా అక్కడే పనిచేస్తున్నాను. మా పని అనగానే చాలామందికి నత్తి, మాటలు ఆలస్యంగా వచ్చే పిల్లలు గుర్తొస్తారు. వాళ్లూ వస్తారు. కానీ నెలకు ఒకరిద్దరు అసలు గొంతే లేనివాళ్లు కూడా వస్తారు.

గొంతు క్యాన్సర్ ముదిరితే కొందరికి స్వరపేటికను పూర్తిగా తీసేయాల్సి వస్తుంది. ఆ ఆపరేషన్ పేరు లారింజెక్టమీ. ఆ తర్వాత మనిషి ముక్కుతో కాకుండా, మెడ అడుగున పెట్టిన రంధ్రంతో ఊపిరి తీసుకుంటాడు. ఆ రంధ్రాన్ని స్టోమా అంటారు. ఊపిరి నోటిదాకా రాదు కాబట్టి మాట రాదు. మాట తెప్పించడానికి ఉన్న దారుల్లో ఒకటి, గాలిగొట్టానికీ అన్నవాహికకీ మధ్యనున్న గోడలో చిన్న సిలికాన్ వాల్వ్ పెట్టడం. రోగి వేలితో స్టోమా మూసి ఊపిరి వదిలితే ఆ గాలి వాల్వ్ గుండా అన్నవాహికలోకి వెళ్లి, అక్కడి కండరాలను అదిరిస్తుంది. ఆ అదురే ఇక ఆ మనిషి గొంతు. బొంగురుగా, లోతుగా ఉంటుంది. ఒక ఊపిరికి నాలుగైదు మాటలకు మించి రావు. వాటితో బతకడం నేర్పే పని నాది.

నాంచారయ్య గారిది చల్లపల్లి. మోటారు వైండింగ్ షాపు. కాలిపోయిన మోటార్లు విప్పి, పాత రాగి తీగ పీకేసి కొత్తది చుట్టి, మళ్లీ తిరిగేట్టు చేస్తారు. నాగాయలంక వైపు నుంచి రొయ్యల చెరువుల ఏరేటర్ మోటార్లు ఆయన దగ్గరికే వస్తాయి. ఏరేటర్ ఆగితే చెరువులో రొయ్యకు గాలి అందదు, అందుకని ఆ రైతుల ఫోన్లు ఎప్పుడూ కంగారుగానే ఉంటాయి. యాభై నాలుగేళ్ల వయసులో గొంతు తీసేశారు. నాలుగు నెలలు పలక మీద రాసి చూపిస్తూ షాపు నడిపారు. తర్వాత నగరంలోని ఒక పెద్ద ప్రైవేటు ఆసుపత్రిలో వాల్వ్ పెట్టించుకుని, మాట నేర్చుకోవడానికి నా దగ్గరికొచ్చారు.

మొదటిరోజు ఒకటి నుంచి ఐదు దాకా లెక్కపెట్టమన్నాను. మెడ మీద వేలు పెట్టుకుని మూడు దాకా చెప్పారు. అక్కడ ఆగి, పక్కన కూర్చున్న భార్య తులశమ్మ గారి వైపు తిరిగి, "కాఫీ తాగావా?" అని అడిగారు. నాలుగు నెలల తర్వాత ఆమె విన్న మొదటి మాట అది. ఆమె తల ఊపారు. ఆయన మళ్లీ నా వైపు తిరిగి "నాలుగు, ఐదు" అన్నారు.

అలాంటి మనిషి. చెప్పిన పని పూర్తి చేసేదాకా వదలరు. ఐదు నెలలు వారానికోసారి కృష్ణ కరకట్ట మీదుగా వచ్చే బస్సెక్కి వచ్చారు. చివరి రోజున ఆయన ఫైల్లో "మాట స్పష్టంగా ఉంది" అని రాశాను. పైకి కూడా చెప్పాను.

"ఇంక మీకు ఎవరి సాయమూ అక్కర్లేదండీ. ఫోన్లో కూడా మీరే మాట్లాడుకోండి."

సంతోషంతో అన్నమాటే. కానీ ఆ ఐదు నెలల్లో ఒక్కసారి కూడా ఆయన చేత ఫోన్లో మాట్లాడించి చూడలేదు నేను.

ఆగస్టు మొదటివారంలో ఒకరోజు పొద్దున తులశమ్మ గారు ఫోన్ చేశారు. గొంతు తగ్గించి మాట్లాడుతున్నారు.

"మేడం గారూ, మా ఆయన మంచినీళ్లు తాగితే దగ్గొస్తందండి. నాకు తెలియకూడదని దొడ్లోకెళ్లి తాగుతన్నారు. అన్నంలో చారు పోసుకోటం మానేశారు."

"ఎన్నాళ్ల నుంచమ్మా?"

"మూడు వారాలయిద్దండి. నిన్నటి నుంచి ఒళ్లు కూడా వెచ్చగా ఉంది."

నాకు విషయం అర్థమైంది. ఆ వాల్వ్ ఎప్పటికీ ఉండేది కాదు. కొన్ని నెలలకు దాని మూత వదులై సరిగ్గా మూసుకోదు. అప్పుడు తాగిన నీళ్లు కొంచెం కొంచెంగా గాలిగొట్టంలోకి కారతాయి. వాల్వ్ మారిస్తే సరిపోతుంది, అది అరగంట పని. మార్చకపోతే నీళ్లు ఊపిరితిత్తుల్లోకి చేరి న్యుమోనియా వస్తుంది.

"దగ్గు మొదలవగానే ఆసుపత్రికి వెళ్లమని చెప్పాను కదమ్మా?"

"వెళ్లారండి. టోకెన్ లేకపోతే లోపలికి పంపం, ఫోన్ చేసి తీసుకోమన్నారంట. ఫోన్ చేస్తే మిషను మాట్లాడతందంట. ఈయన చెప్పేది దానికి అర్థం కావట్లేదంట."

"మీరు చేయొచ్చు కదా?"

"చేస్తానంటే ఫోను లాక్కున్నారండి. మేడం గారు నన్ను మాట్లాడుకోమన్నారు, నువ్వెందుకు అన్నారు. ఆయన షాపుకెళ్లాక దొంగతనంగా ఒకసారి చేశా. పేషెంటు ఫోనుకి నంబరొచ్చిద్ది, అది చెప్పమంది. ఆ ఫోను ఆయన చొక్కా జేబులో ఉందాయె."

మర్నాడే తీసుకురమ్మన్నాను.

మనిషి చిక్కిపోయి వచ్చారు. కూర్చోగానే సంచిలోంచి ఒక పొడుగు నోటుపుస్తకం తీసి నా ముందు పెట్టారు. షాపులో ఏ మోటారుకు ఎన్ని చుట్లు, ఏ గేజీ తీగ అని రాసుకునే పుస్తకం. వెనక పేజీల్లో ఆ ఫోను మీద ఆయన చేసిన ప్రయత్నాలన్నీ వరసగా రాసి ఉన్నాయి. అచ్చంగా పాడైన మోటారును పరీక్షించినట్టే పరీక్షించారు.

'అపాయింట్‌మెంట్' అంటే 'అర్థం కాలేదు' అంది. 'టోకెన్' అంటే 'మీ మాట వినిపించలేదు' అంది. 'గొంతు డాక్టరు' అంటే ఆసుపత్రి క్యాంటీన్ వేళలు చెప్పింది. 'అవును' ఆరుసార్లు చెబితే ఆరుసార్లూ 'కాదు' అనుకుంది. ఫోను బల్లమీద పెట్టి స్పీకర్ ఆన్ చేసి ఒకసారి, షాపు తలుపులు మూసి ఒకసారి, ఫ్యాన్ ఆపేసి ఒకసారి. ఒక ప్రయత్నంలో నోటికి ప్లాస్టిక్ గరాటు కూడా పెట్టుకున్నారు. మొత్తం ముప్పై ఎనిమిది కాల్స్. చివరి పేజీలో మాత్రం ప్రయత్నమేమీ రాయలేదు. 'గొంతు సరిపోవట్లేదు' అని ఒక్క ముక్క రాసి కింద గీత గీశారు.

నేను ముందు పరీక్ష మొదలుపెట్టాను. రంగు కలిపిన నీళ్లు ఒక గుక్క తాగించి, టార్చితో స్టోమాలోకి చూస్తాం. వాల్వ్ బాగుంటే రంగు కనిపించదు. ఆయనకు గుక్క దిగీ దిగకముందే వాల్వ్ నడిమధ్య నుంచి నీలం చుక్క ఊరి జారింది. వెంటనే దగ్గు. జ్వరం ఉంది. ఆయాసపడుతున్నారు.

వాల్వ్ మార్చాల్సింది ఆ ఆసుపత్రిలోనే. ఆయన కొలతకు సరిపోయే వాల్వ్ ఉన్నదీ, మొదటిది పెట్టిన డాక్టరు గారు ఉన్నదీ అక్కడే. నా ఫోన్ స్పీకర్లో పెట్టి, ఆయన ఎదుటే ఆ నంబరు కలిపాను. ఇదివరకు ఆ నంబరుకు ఈఎన్‌టీ ఓపీలో మార్తమ్మ సిస్టర్ అనే పెద్ద నర్సు పలికేవారు. "ఆఁ, చెప్పండమ్మా, ఎవరికి?" అనేవారు. ఇప్పుడు ఒక తియ్యని ఆడగొంతు పలికింది.

"నమస్కారం. మా ఆసుపత్రికి స్వాగతం. నేను మీకు ఏ విధంగా సహాయపడగలను?"

"వాల్వ్ లీకవుతోంది. వాల్వ్ మార్చాలి."

"మీరు వాల్వ్ సమస్య అన్నారు. మిమ్మల్ని గుండె వైద్య విభాగానికి కలుపుతున్నాను."

"కాదు, కాదు. ఈఎన్‌టీ."

"వచ్చే గురువారం ఉదయం పదకొండు గంటలకు గుండె వైద్య నిపుణులు అందుబాటులో ఉన్నారు. నిర్ధారించమంటారా?"

పెట్టేసి మళ్లీ చేశాను. ఈసారి వాల్వ్ మాట ఎత్తకుండా ఈఎన్‌టీ అన్నాను. ఈఎన్‌టీలో చెవి సమస్యా, ముక్కు సమస్యా, టాన్సిల్సా అని అడిగింది. గొంతు అన్నాను. గొంతునొప్పి ఎన్ని రోజుల నుంచి అని అడిగింది. నొప్పి కాదన్నాను. "సంతోషం. ఇంకేమైనా సహాయం కావాలా?" అంది. మూడోసారి, మనిషితో మాట్లాడాలి అన్నాను. మా సిబ్బంది అందరూ ఇతర కాల్స్‌లో ఉన్నారు, దయచేసి వేచి ఉండండి అని చెప్పి వీణ వినిపించింది. పది నిమిషాలు విన్నాం. లైను కట్ అయింది. మరుక్షణం నా ఫోనుకు మెసేజ్ వచ్చింది, మా సేవలు మీకు ఎలా అనిపించాయో చెప్పండి అని.

తలెత్తి చూస్తే నాంచారయ్య గారు నవ్వుతున్నారు. స్వరపేటిక లేనివాళ్ల నవ్వుకు శబ్దం ఉండదు. భుజాలు కదులుతాయంతే. నవ్వు దగ్గులోకి దిగి, అది తగ్గాక మెడ మీద వేలు పెట్టుకున్నారు.

"మీక్కూడా... కుదర్లా."

"కుదర్లేదండీ."

"నా గొంతుదే... తప్పనుకున్నా."

మూడు వారాలుగా ఆయన దాచింది దగ్గును మాత్రమే కాదు. అంత కష్టపడి తెచ్చుకున్న మాట పనికి రాలేదన్న సంగతిని భార్యకు చెప్పలేక, నాకు చెప్పలేక దాచుకున్నారు. నాకు ఫోన్ చేస్తే ఒక్క నిమిషంలో తేలిపోయేది. కానీ ఎవరి సాయమూ అక్కర్లేదని చెప్పి పంపింది నేనే.

ఆటోలో ముగ్గురం ఆసుపత్రికి వెళ్లాం. తలుపు దగ్గర సెక్యూరిటీ అతను టోకెన్ అడిగాడు. కౌంటర్‌లో ఉన్న అమ్మాయి మర్యాదగానే మాట్లాడింది.

"టోకెన్ నంబర్ లేకుండా నాకు సిస్టమ్‌లో పేరు ఎక్కదండీ. ఫోన్ చేయండి మేడం, చాలా ఈజీ."

"ఈయనకు గొంతు లేదమ్మా. ఆ ఫోనుకు ఈయన మాట అర్థం కావట్లేదు."

"అయితే ఎవరైనా అటెండెంట్ చేయొచ్చండీ."

"నేను ఇందాక చేశాను. గుండె డాక్టరుకు టోకెన్ ఇస్తానంది."

ఆ అమ్మాయి నవ్వాపుకుంది గానీ చేయగలిగిందేమీ ఆమె చేతిలో లేదు. మార్తమ్మ సిస్టర్ ఉన్నారా అని అడిగాను. ఓపీలో ఫోను పని తీసేశాక ఆమెను మూడో అంతస్తు వార్డుకు మార్చారట. పిలిపించమన్నాను. రావడానికి పావుగంట పట్టింది. ఆమె నన్ను పలకరించకుండా నేరుగా నాంచారయ్య గారి ముందు వంగి నిలబడి, "ఏంటయ్యా, ఏమైంది?" అన్నారు.

"నీళ్లు... దిగుతన్నయ్యి."

"ఎన్నాళ్ల నుంచి?"

"మూడు వారాలు."

అంతే. ఆ రెండు ముక్కలు వినగానే ఆమె చక్రాల కుర్చీ తెప్పించి, టోకెన్ మాట లేకుండా క్యాజువాలిటీలోకి తోయించారు. ఎక్స్‌రేలో కుడి ఊపిరితిత్తి అడుగున న్యుమోనియా తేలింది. ఎనిమిది రోజులు ఆసుపత్రిలో ఉంచారు. మొదటి రెండు రోజులు ఐసీయూలో ఉన్నారు. తులశమ్మ గారు బయట బెంచీ మీద కూర్చుని, ఎవరు వచ్చినా లేచి నిలబడేవారు. రెండోరోజు నేను వెళ్లినప్పుడు నన్ను చూసి లేవలేదు.

"మీరు మంచిమాటే చెప్పారులెండి," అన్నారు, ఎటో చూస్తూ. "ఆయనే దాన్ని పట్టుకు కూర్చున్నారు."

నన్ను తప్పు పట్టలేదు. పట్టి ఉంటేనే నాకు తేలిగ్గా ఉండేదేమో.

మూడోరోజు జ్వరం తగ్గింది. ఐదోరోజు వాల్వ్ మార్చారు. డాక్టరు గారికి ఇరవై నిమిషాలు పట్టింది.

డిశ్చార్జి అయ్యే ముందు ఆసుపత్రి పనులు చూసే మేనేజరు గారిని కలుస్తానని కబురు పెట్టాను. నాంచారయ్య గారికి ఆ సంగతి తెలిసి, తనూ వస్తానన్నారు. లిఫ్టులో నాతో ఒకటే మాట చెప్పారు.

"నా బదులు... మీరు మాట్లాడకండి."

మేనేజరు గారు ముప్పై ఐదేళ్ల మనిషి. కుర్చీలు చూపించి, మంచినీళ్లు తెప్పించారు. ఆయన చెప్పినదాంట్లో నిజమూ ఉంది. పాత పద్ధతిలో ఫోను ఎప్పుడూ ఎంగేజ్. గంటల తరబడి ప్రయత్నించి విసిగిపోయి తిట్టిపోసేవాళ్లు. ఇప్పుడు ఏ వేళప్పుడు చేసినా పలుకుతుంది, ఊరి నుంచి వచ్చేవాళ్లు ఓపీలో పడిగాపులు పడే బాధ తప్పింది.

"చాలామందికి ఇబ్బంది లేదండీ. మీలాంటి కేసులు ఎక్కడో ఒకటి."

నాంచారయ్య గారు బల్లమీద ఫోను పెట్టి, స్పీకర్ ఆన్ చేసి ఆ నంబరు కలిపారు. తియ్యని గొంతు స్వాగతం పలికింది. ఆయన వేలు పెట్టుకుని "ఈఎన్‌టీ" అన్నారు.

"మీరు ఇంటికి వచ్చి చేసే రక్తపరీక్షలు అన్నారు. సరైనదేనా?"

"కాదు."

"ధన్యవాదాలు. మీ చిరునామా చెప్పండి."

మేనేజరు గారు ముందుకు వంగి ఫోనుతోనే అన్నారు, "అదేంటి, ఆయన కాదన్నారు కదా!"

"మీకు ఇనపడిందిగా," అన్నారు నాంచారయ్య గారు.

"వినపడింది సార్. బాగానే అర్థమైంది."

"దానికి కాలా."

తర్వాత ఆయన నోటుపుస్తకం తెరిచి, తను కనిపెట్టిన కారణం చెప్పారు. నాలుగేసి మాటల చొప్పున, ఆగి ఆగి. మేనేజరు గారు అడ్డు రాకుండా విన్నారు. నాంచారయ్య గారు చెప్పినది ఇదీ. తను మాట్లాడే ముందు మెడలోంచి ఊపిరి బుస్సున లోపలికి వెళ్తుంది. మిషను ఆ చప్పుడునే మాట అనుకుంటుంది. ఆ తర్వాత తను వేలు సర్దుకుని నోరు తెరిచేసరికి ఒకటి రెండు సెకన్లు పడుతుంది. అప్పటికే అది వినడం మానేసి, ఊపిరి చప్పుడుకు ఏదో ఒక అర్థం తీసేసుకుంటుంది. మాటలో 'గ' అన్నా 'క' లాగే పలుకుతుంది తనకు, అదొక ఇబ్బంది. కానీ అసలు లోపం మొదటిదే.

"నా మాట... ఆలస్యంగా వచ్చిద్ది. దాని చెవి... ముందే మూసుకుంటంది," అని ముగించారు.

పదహారేళ్లుగా ఇదే పని చేస్తున్నాను. ఊపిరికీ మాటకూ మధ్య జాప్యం ఉంటుందని పాఠంలో చదివాను, విద్యార్థులకు పాఠంగా చెప్పాను కూడా. అది ఎక్కడ, ఎవరికి అడ్డుపడుతుందో మాత్రం ఆలోచించలేదు. మోటార్లు బాగుచేసే మనిషి, దగ్గుతూ, షాపులో కూర్చుని, ముప్పై ఎనిమిది కాల్స్‌లో తేల్చారు.

మేనేజరు గారు ఆ పేజీలకు ఫొటోలు తీసుకున్నారు. ఆ మిషను ఆసుపత్రిది కాదు. ఎక్కడో ఉన్న కంపెనీ దగ్గర తీసుకున్నది, అందులో ఏదైనా మార్చాలంటే ఆ కంపెనీయే మార్చాలి. వాళ్లకు రాశారు. రెండు నెలల తర్వాత జవాబొచ్చిందని నాకు ఫోన్ చేసి చదివి వినిపించారు. "మీ విలువైన సూచనను నమోదు చేసుకున్నాం." నాకు తెలిసినంతవరకు ఆ గొంతు ఇప్పటికీ అలాగే పలుకుతోంది.

మేనేజరు గారు తన చేతిలో ఉన్నవి మాత్రం మేం కలిసిన వారమే చేశారు. మెడలో స్టోమా ఉన్న రోగి వస్తే టోకెన్ అడగకుండా లోపలికి పంపమని కౌంటర్‌కూ సెక్యూరిటీకీ చెప్పారు. ఈఎన్‌టీ వార్డుకు ఒక మొబైల్ ఇచ్చి, ఆ నంబరుకు మెసేజ్ పెడితే చాలని చిన్న కార్డులు అచ్చు వేయించారు. ఆ మొబైల్ మార్తమ్మ సిస్టర్ దగ్గర పెట్టారు. కాల్ చేసినా ఆమె ఎత్తుతారు.

ఇక నా సంగతి. నాంచారయ్య గారి ఫైల్లో 'మాట స్పష్టంగా ఉంది' అని రాసినప్పటి రికార్డింగ్ నా దగ్గర ఉంది. అది తీసుకుని కింద మందుల షాపులో కూర్చునే అతనికి వినిపించాను. ఆయన్ను అతను ఎప్పుడూ చూడలేదు. పది వాక్యాల్లో ఐదు అర్థమయ్యాయన్నాడు. అందులోనూ రెండింటికి వేరే అర్థం చెప్పాడు. నేను మళ్లీ విన్నాను. నాకు పదీ అర్థమయ్యాయి. ఐదు నెలలు వినీ వినీ నా చెవి ఆ గొంతుకు అలవాటు పడిపోయింది. తులశమ్మ గారి చెవీ అంతే. మా ఇద్దరి ముందే ఆయన మాట్లాడారు, మేమిద్దరమే బాగుందన్నాం. ఆయన మాట మెరుగైంది నిజమే. దాంతోపాటు మా వినికిడి కూడా మెరుగైందని నేను లెక్కలోకి తీసుకోలేదు.

సెప్టెంబరులో ఆయన్ను ఇంకో నాలుగు వారాలు రమ్మన్నాను. ఈసారి అద్దం ముందు కూర్చోబెట్టలేదు. ఫోను చేతికిచ్చాను. ముందు మా క్లినిక్ రిసెప్షన్‌కు, తర్వాత నా స్నేహితులు ఇద్దరికి, చివరికి ఆయన్ను బొత్తిగా ఎరగనివాళ్లకు. మూడోవారం, వైండింగ్ తీగ అమ్మే షాపొకటి గవర్నర్‌పేటలో కొత్తగా తెరిచారని తెలిసి, అక్కడికి చేయమన్నాను. ఆయనకు నిజంగానే తీగ కావాలి. వేలు పెట్టుకుని "ఇరవై రెండు గేజీ ఉందా" అని అడిగారు. అవతలి మనిషి హలో, హలో అన్నాడు.

"లైను బాలేదండీ. మళ్లీ చేయండి," అని పెట్టేశాడు.

నాంచారయ్య గారు ఫోను బల్లమీద పెట్టి కిటికీ వైపు చూస్తూ కూర్చున్నారు. నోటుపుస్తకంలో రాసుకోలేదు. ఇవాళ్టికి చాలు అందామా అనుకున్నాను. అప్పుడు నాకొకటి తట్టింది. ఇన్నాళ్లూ ఆయనకు మాట్లాడటం నేర్పానే గానీ, ఎలా వినాలో అవతలివాళ్లకు చెప్పడం నేర్పలేదు.

"అతనికి విషయం తెలియదు కదండీ. తీగ సంగతి తర్వాత. ముందు మీ గొంతు సంగతి చెప్పండి."

"ఏమని?"

"మీకెలా అనిపిస్తే అలా."

ఆయన చాలాసేపు ఆలోచించారు. పెదాలతో ఒకటి రెండుసార్లు కొలుచుకున్నారు, ఒక్కో ముక్క ఒక్కో ఊపిరికి సరిపోతుందా లేదా అని. మళ్లీ కలిపారు.

"లైను బానే ఉందండి. నా గొంతే ఇంత. ఆపరేషనయింది. కాస్త ఆగి ఇనండి."

అవతలి షాపులో ఏదో రేడియో మోగుతోంది, అది ఆగిపోయింది.

"అయ్యో, చెప్పండి సార్, చెప్పండి. నిదానంగా చెప్పండి, తొందరేం లేదు."

తీగ ఉంది. ఎంత కావాలో చెప్పారు. అతను రెండుసార్లు తిరిగి అడిగాడు, రెండుసార్లూ ఆయన చెప్పారు. ఎక్కడికి పంపాలన్నాడు. చల్లపల్లి బస్సులో వేయమన్నారు. పేరు అడిగాడు.

"నాంచారయ్య."

"ఏంటి సార్?"

"నాం... చా... రయ్య."

"నాంచారయ్య గారు. రాసుకున్నానండి."

ఫోను పెట్టాక ఆయన నా వైపు చూడలేదు. పుస్తకం తీసి ఆ షాపు నంబరు రాసుకున్నారు, ఎప్పుడైనా పనికొస్తుందని.

అప్పటినుంచి నా దగ్గరికి వచ్చే లారింజెక్టమీ రోగులందరికీ చివరి నెల శిక్షణ ఫోన్లోనే. తెలియనివాళ్లతోనే. ఫైల్లో 'స్పష్టంగా ఉంది' అని నేను రాయడం మానేశాను. నాకు పరిచయం లేని ముగ్గురికి వినిపించి, వాళ్లకు ఎంత అర్థమైతే అంతే రాస్తాను. ఎవరి సాయమూ అక్కర్లేదని ఎవరికీ చెప్పను. మిషను ఎత్తితే ఏం చేయాలో ఒక కాగితం మీద రాసిస్తాను. ఒకసారి ప్రయత్నించండి, రెండుసార్లు ప్రయత్నించండి, మూడోసారికి నాకు చేయండి, అంతకుమించి అక్కడ మీ ఊపిరి ఖర్చు పెట్టకండి అని. మనిషి ఎత్తితే మాత్రం, ముందుగా తమ గొంతు సంగతి చెప్పి, ఆగి వినమని అడగడం నేర్పుతున్నాను. ఆ మొదటి వాక్యం ఎవరికివారే తయారు చేసుకోవాలి. దాన్ని తడబడకుండా చెప్పగలిగిన రోజే వాళ్ల శిక్షణ పూర్తయినట్టు సంతకం పెడతాను.